గెలుపు లేని ఆటలు... గ్యాలరీకెక్కాయి!

శత్రువుల్లేరు. తుపాకుల్లేవు. దాటాల్సిన గండాలూ లేవు. కొన్నింట్లో అయితే గెలవడమన్నదే లేదు. అయినా వాటిని ఆడి కళ్లు తుడుచుకున్నవాళ్లున్నారు. పెద్ద కంపెనీల ఊసు లేకుండా ఒకరిద్దరు కూర్చుని తయారుచేసుకున్న ఆ చిన్నచిన్న వీడియోగేములే పికాసో, వాన్‌గో చిత్రాలుండే మ్యూజియంలో చోటు సంపాదించుకున్నాయి. అదెలా సాధ్యమైంది? అసలు ఆటను ప్రదర్శనకు పెట్టడమెలా?

తెరమీద రిబ్బన్‌ముక్కలాంటి సన్నటి పట్టీ. వెడల్పు వంద చుక్కలు, ఎత్తు పదహారు చుక్కలు... అంతే. ఎడమ చివర ఓ కుర్రాడు నిలబడి ఉంటాడు. బాణం గుర్తున్న మీట నొక్కితే నడుస్తాడు. నాలుగడుగులు వేయగానే ఓ అమ్మాయి ఎదురవుతుంది. ఆమెను తాకితే ఎర్రటి గుండెబొమ్మ మెరుస్తుంది. ఆ క్షణం నుంచీ ఇద్దరూ జంట. ఎక్కడికెళ్లినా కలిసే వెళ్తారు.

దారిలో అక్కడక్కడా పెట్టెలుంటాయి. కొన్నింట్లో నిధి, కొన్ని ఖాళీ. చిక్కేమిటంటే, మంచి పెట్టెలు చాలావరకు ఇరుకు సందుల్లో ఉంటాయి. ఒక్కడే అయితే దూరిపోవచ్చు. ఇద్దరుంటే పట్టదు. పెళ్లి చేసుకోకుండా నిధుల వెంట పడతారా, నిధులు వదులుకుని ఆమెతో నడుస్తారా... ఆడేవాళ్లిష్టం. మరో తిరకాసూ ఉంది. ఆమె పక్కనుంటే వేసే ప్రతి ముందడుగుకీ రెట్టింపు పాయింట్లు.

ఈలోపు ఎవరూ గమనించనంత నెమ్మదిగా ఇంకొకటి జరుగుతుంటుంది. ఆట మొదట్లో తెర ఎడమవైపున్న కుర్రాడు క్రమంగా కుడివైపునకు జరుగుతాడు. అప్పటిదాకా ముందున్న దారి మసకమసకగా కనిపిస్తే, ఇప్పుడు వెనకున్న దారి మసకబారుతుంది. జుట్టు పలచబడుతుంది. నడుం వంగుతుంది. ఓ చోట ఉన్నట్టుండి ఆమె ఉండదు. ఆమె నిలబడ్డచోట ఓ చిన్న సమాధిరాయి. ఆ తర్వాత అతనొక్కడే నడుస్తాడు. కాసేపటికి అతని స్థానంలోనూ రాయే. మొత్తం ఐదు నిమిషాలు. ఎంత బాగా ఆడినా ఐదు నిమిషాలే, ఎంత చెత్తగా ఆడినా ఐదు నిమిషాలే. పైన పాయింట్లు మాత్రం అలాగే కనిపిస్తుంటాయి, ఎవరికోసమో తెలియకుండా.

ఆ ఆట పేరు 'ప్యాసేజ్'. అమెరికాకు చెందిన జేసన్ రోరర్ 2007లో ఒక్కడే కూర్చుని తయారుచేశాడు. ఆటతోపాటు రాసుకున్న మాటల్లో తనకు ముప్పయ్యేళ్లు నిండబోతున్న సంగతీ, వీధిలోని ఆప్తమిత్రుడొకరు నెలక్రితమే పోయిన సంగతీ చెప్పుకొచ్చాడు. ఆటలోని జంట కూడా తానూ తన భార్యే. కెనడాలోని మాంట్రియల్‌లో 'గామా 256' పేరుతో జరిగిన ఓ ప్రదర్శన కోసం చేసిన గేమ్ ఇది. 256 చుక్కల పొడవు, వెడల్పులు దాటకుండా గేమ్ తయారుచేయాలన్నది అక్కడి నిబంధన. రోరర్ అందులో పదోవంతు స్థలం కూడా వాడుకోలేదు.

ఐదేళ్ల తర్వాత ఆ సన్నటి పట్టీ న్యూయార్క్‌లోని 'మ్యూజియం ఆఫ్ మోడర్న్ ఆర్ట్' శాశ్వత సేకరణలో చేరింది.

'ఒరేయ్, ఇక కట్టెయ్!'

వీడియోగేమ్ అనగానే మన ఇళ్లలో వినిపించే మాట ఇదే. చదువు చెడుతుందనీ, కళ్లు పాడవుతాయనీ అమ్మానాన్నల గోల. ఆ భయంలో న్యాయం లేకపోలేదు. బజార్లో దొరికే గేముల్లో కాల్చడాలూ గుద్దడాలే ఎక్కువ. వందలమంది ఉద్యోగులతో, సినిమాలను మించిన పెట్టుబడితో తయారయ్యే సరుకు మరి. పెట్టిన డబ్బు రావాలంటే అందరికీ తెలిసిన మసాలాయే వేయాలి.

సినిమాల్లో వ్యాపార చిత్రాలుంటాయి, వాటి పక్కనే చిన్న బడ్జెట్‌తో తీసే సమాంతర చిత్రాలూ ఉంటాయి. గేముల్లో అలాంటి రెండో రకమే 'ఇండీ' గేములు. ఇండిపెండెంట్ అన్నమాటకు ముద్దుపేరది. ఎవరి డబ్బు వాళ్లది, ఎవరి పిచ్చి వాళ్లది. వాటిలోనూ మరో అడుగు ముందుకేసి 'అసలు ఆటంటే ఇలాగే ఎందుకుండాలి' అని ప్రశ్నించేవి ప్రయోగాత్మక గేములు. 2005లో అమెరికాలోని కార్నెగీ మెలన్ విశ్వవిద్యాలయంలో నలుగురు విద్యార్థులు ఓ పంతం పట్టారు. ఒక్కో గేమ్‌నీ ఒక్కరే చేయాలి, వారం రోజుల్లో ముగించాలి. ఒక్క సెమిస్టర్‌లో యాభైకి పైగా గేములు తయారయ్యాయి. అందులో చాలావరకు మర్చిపోదగ్గవే అయ్యుండొచ్చు. కానీ ఖర్చు లేకుండా, భయం లేకుండా ఆలోచనను పరీక్షించే పద్ధతి ఒకటి అలవాటైంది. 2009లో ఆడమ్ సాల్ట్స్‌మన్ ఆ ప్రయోగాల కోసమే కొద్దిరోజుల్లో 'కనబాల్ట్' చేశాడు. ఒకే ఒక్క మీట, ఒకే ఒక్క పని... డాబాలమీద పరిగెడుతున్న మనిషిని ఎగిరి దూకించడం. ఫోన్లలో తర్వాత వచ్చిన 'ఆపకుండా పరిగెత్తే' గేములెన్నింటికో దారి చూపింది అదే.

2012 నవంబరు 29న మ్యూజియం ఆఫ్ మోడర్న్ ఆర్ట్ తొలివిడతగా పద్నాలుగు వీడియోగేములను సేకరించినట్లు ప్రకటించింది. అందులో 'ప్యాక్‌మ్యాన్', 'టెట్రిస్' లాంటి పేరుమోసిన పాతకాపులతోపాటు 'ప్యాసేజ్', 'కనబాల్ట్' కూడా ఉన్నాయి. ఎంపికకు నాయకత్వం వహించింది అక్కడి క్యూరేటర్ పావొలా ఆంటొనెల్లి. బొమ్మలు అందంగా ఉన్నాయా లేదా అన్న ఒక్క లెక్కతో ఆమె ఎంచలేదు. ఆడేవాళ్లతో ఆట ఎలాంటి పనులు చేయిస్తోంది, చూపు ఎలా ఉంది, స్థలాన్నీ కాలాన్నీ ఎలా వాడుకుంది... ఈ నాలుగూ చూశారు. నరుకుడు గేములు ఎంత ప్రసిద్ధమైనవైనా పక్కన పెట్టేశారు.

కళా? కాలక్షేపమా?

ప్రకటన వెలువడిన మర్నాడే బ్రిటన్ పత్రిక 'గార్డియన్'లో కళావిమర్శకుడు జొనాథన్ జోన్స్ విరుచుకుపడ్డాడు. ఆయన వాదన తేలిగ్గా కొట్టిపారేసేది కాదు. కళ అంటే ఒక మనిషి తన చూపుతో జీవితానికిచ్చే స్పందన. గేమ్‌లో ఆ బాధ్యతను తయారుచేసినవాడు ఆడేవాడికి వదిలేస్తాడు. ఆడేవాడు కళాకారుడు కాదు. అంటే అక్కడ కళాకారుడే లేడు, కాబట్టి కళా లేదు... స్థూలంగా ఆయనన్నది ఇదీ.

అంతకు రెండేళ్లముందే ప్రసిద్ధ సినీ విమర్శకుడు రోజర్ ఎబర్ట్ ఇలాంటి తేనెతుట్టెనే కదిపాడు. వీడియోగేములు ఎన్నటికీ కళ కాలేవని 2010 ఏప్రిల్‌లో రాశాడు. ఆటలో గెలవొచ్చు, కవితలో గెలవడమేమిటన్నది ఆయన ప్రశ్న. పాఠకులు వేలసంఖ్యలో దండెత్తారు. జులైలో ఆయన మళ్లీ కలం పట్టి, అభిప్రాయం మారలేదుగానీ ఆడిచూడకుండా మాట్లాడి ఉండాల్సింది కాదని ఒప్పుకున్నాడు. పెద్దమనిషి తరహా అంటే అదీ!

జోన్స్, ఎబర్ట్ ఇద్దరూ ఒక్కచోటే పొరబడ్డారనిపిస్తుంది. అది తెలియాలంటే న్యూయార్క్ దాకా వెళ్లనక్కర్లేదు. మన ముగ్గుపక్కన కూర్చుని ఆడే వైకుంఠపాళి చాలు. పుణ్యం చేస్తే నిచ్చెన, పాపం చేస్తే పాము. చివరి గడుల దగ్గర పెద్దపాము నోట్లో పడితే మళ్లీ అడుగునుంచి మొదలు. ఎవరూ ఉపన్యాసం ఇవ్వరు. గవ్వలు వేస్తూ పోతే 'అహంకరిస్తే కిందపడతావ్' అన్నది తలకెక్కుతుంది. ఆ పటంమీది బొమ్మలు చక్కగా ఉంటాయి, నిజమే. కానీ అసలు కవిత్వం బొమ్మల్లో కన్నా నియమంలో ఉంది. ఏ గడి నుంచి ఎక్కడికి జారాలో నిర్ణయించినవాడు తన చూపును అందులో పెట్టాడు. ఆ ఆటను ఇంగ్లండుకు పట్టుకెళ్లి పుణ్యపాపాలు పీకేసి వట్టి 'స్నేక్స్ అండ్ ల్యాడర్స్' చేసినవాళ్లకు బొమ్మలు మిగిలాయి, అర్థం జారిపోయింది.

'ప్యాసేజ్'లోనూ అంతే. ఇద్దరికీ సందు పట్టదన్న నియమమే రోరర్ చెప్పదలచుకున్న మాట. ఉరుగ్వేకి చెందిన గొంజాలో ఫ్రాస్కా 2003లో తన బృందంతో విడుదల చేసిన 'సెప్టెంబర్ 12' మరీ సూటిగా ఉంటుంది. పైనుంచి కనిపించే ఓ సంతవీధి. జనంలో అక్కడక్కడా తుపాకులు పట్టుకున్న ఉగ్రవాదులు. చేతిలో క్షిపణి ఉంది. గురిపెట్టి వేస్తే అది కాసేపు ఆగి పడుతుంది. ఈలోపు ఉగ్రవాది కదిలిపోతాడు, మామూలు మనుషులు చనిపోతారు. చుట్టూ చేరి ఏడ్చినవాళ్లలో కొందరు లేచేసరికి తుపాకులతో ఉంటారు. ఎంత కాల్చితే అంతమంది పెరుగుతారు. గెలుపూ లేదు, ఓటమీ లేదు. కాల్చకుండా ఊరుకోవడమొక్కటే మిగిలిన దారి. అదే సంగతి వ్యాసంలో చదివితే తలాడించి పేజీ తిప్పేస్తాం. ఇక్కడ మీట నొక్కింది మన వేలే!

బెల్జియంలో ఉంటూ 'టేల్ ఆఫ్ టేల్స్' పేరుతో గేములు చేసిన దంపతులు ఆరియా హార్వే, మైకెల్ సామిన్‌లది ఇంకో దారి. 2008లో వాళ్లు చేసిన 'ది గ్రేవ్‌యార్డ్'లో కర్ర పట్టుకుని నడిచే ఓ ముసలమ్మ ఉంటుంది. నలుపు తెలుపు శ్మశానం. ఆమెను మెల్లగా బెంచీదాకా నడిపించి కూర్చోబెట్టాలి. ఓ పాట వినిపిస్తుంది. లేపి తిరిగి తీసుకురావాలి. ఆటంతా ఇంతే. ఉచితంగా దొరికే కాపీకీ, ఐదు డాలర్లు పెట్టి కొనే కాపీకీ తేడా ఒక్కటే. కొన్నదాంట్లో ఆమె ఆ బెంచీమీదే కన్నుమూయొచ్చు. చావుకు వెల కట్టడమేమిటని కోపమొచ్చినవాళ్లూ ఉన్నారు. ఆ కోపం తెప్పించడమే వాళ్ల ఉద్దేశమేమో!

నాన్న చేసిన ఆట

అమెరికాలోని కొలరాడోలో ఉండే ర్యాన్ గ్రీన్, ఆమీ దంపతుల బిడ్డ జోయెల్. ఏడాది వయసులోనే మెదడులో కణితి బయటపడింది. కొన్ని నెలలకు మించి బతకడన్నారు డాక్టర్లు. పిల్లాడు అందరినీ ఆశ్చర్యపరుస్తూ మరో నాలుగేళ్లు ఉన్నాడు. తమ్ముడికేమైందని అడిగే అన్నలకు ఏం చెప్పాలో తెలియక, 'జోయెల్ ఒక వీరుడు, క్యాన్సర్ అనే డ్రాగన్‌తో యుద్ధం చేస్తున్నాడు' అని కథ అల్లి చెప్పేవాళ్లు ఆ తల్లిదండ్రులు. ఆ కథే గేమ్‌కి పేరైంది... 'దట్ డ్రాగన్, క్యాన్సర్'.

ర్యాన్ గేములు తయారుచేసే మనిషి. ఆసుపత్రిలో ఓ రాత్రి జోయెల్ గుక్కపట్టి ఏడుస్తుంటే ఎత్తుకున్నాడు, ఊపాడు, తాగడానికిచ్చాడు. ఏదీ పనిచేయలేదు. ఇది మీటలన్నీ చెడిపోయిన ఆటలా ఉందనిపించిందట అతనికి. గేమ్‌లో మొట్టమొదట తయారుచేసింది ఆ గదినే. ఆడేవాళ్లు ఏం నొక్కినా పిల్లాడి ఏడుపు ఆగదు. ఏ గేమ్ అయినా సరైన మీట నొక్కితే ఫలితం వస్తుందని మనకు నేర్పుతుంది. ఈ గేమ్ సరైన మీట లేని గదిలోకి తోసేస్తుంది. ఇంకోచోట ఆసుపత్రి వరండాలో బొమ్మబండి పందెం. పిల్లాణ్ని కూర్చోబెట్టి రయ్యిన తిప్పుతూ దారిలో కనిపించినవన్నీ ఏరుకుంటే, పందెం అయ్యాక తెలుస్తుంది... అవన్నీ వాడి ఒంట్లోకి ఎక్కించిన మందులని.

తయారీ సగంలో ఉండగా 2014 మార్చిలో జోయెల్ చనిపోయాడు. ఐదేళ్లు. బిడ్డను బతికించుకునే కథగా మొదలైన గేమ్ బిడ్డను గుర్తుంచుకునే కథగా మారింది. 2016 జనవరి 12న, అంటే జోయెల్ పుట్టినరోజున విడుదల చేశారు. మరుసటి ఏడాది బ్రిటన్‌లో 'బాఫ్టా' పురస్కారం వచ్చింది.

కథ అక్కడితో సుఖాంతం కాలేదు. ఇంటర్నెట్‌లో కొందరు ఈ గేమ్‌ని మొదట్నుంచి చివరిదాకా తామే ఆడి వీడియోలు పెట్టారు. లక్షలమంది చూశారు, కంటతడి పెట్టారు... కొనలేదు. విడుదలైన రెండు నెలలకు, ఇప్పటిదాకా తమ చేతికి పైసా రాలేదని ర్యాన్ బహిరంగంగానే రాశాడు. ఎవరో ఆడుతుంటే చూడటానికీ, తాము ఆడటానికీ తేడా చాలామందికి తెలియలేదన్నది ఆయన బాధ. డబ్బు సంగతి అలా ఉంచితే, మ్యూజియంవాళ్లను పీడిస్తున్న సమస్యా సరిగ్గా అదే.

గోడకు తగిలించేదెలా?

చిత్రపటానికి మేకు చాలు. శిల్పానికి దిమ్మె చాలు. గేమ్‌ని ఏం చేస్తారు? ఎవరూ ఆడకపోతే అది అక్కడ లేనట్టే. ఒకరు ఆడుతుంటే వెనకున్న పదిమంది వీపు చూస్తూ నిలబడాలి. పైగా కొన్ని గేములకు నెలలు పడతాయి.

2012 మార్చిలో వాషింగ్టన్‌లోని స్మిత్సోనియన్ అమెరికన్ ఆర్ట్ మ్యూజియం 'ది ఆర్ట్ ఆఫ్ వీడియోగేమ్స్' ప్రదర్శన ప్రారంభించింది. 240 గేముల జాబితా ఇచ్చి ఎంపిక జనానికే వదిలారు. 175 దేశాల నుంచి 37 లక్షల ఓట్లు పడ్డాయి! 80 గేములు నెగ్గాయి. తీరా ప్రదర్శనలో చేత్తో ఆడనిచ్చింది ఐదింటినే. మిగతావన్నీ బొమ్మలు, వీడియోలు. ఆ ఐదింటిలో ఒకటైన 'ఫ్లవర్'లో ఆడేవాళ్లు గాలిగా మారి పూరేకుల్ని ఎగరేసుకుంటూ పోతారు. తర్వాతి ఏడాది దాన్ని మ్యూజియం తన సేకరణలోకి తీసేసుకుంది.

మ్యూజియం ఆఫ్ మోడర్న్ ఆర్ట్‌వాళ్లు 2013 మార్చి నుంచి తమ గేములను ప్రదర్శనకు పెట్టారు. ఆడటం కుదిరేంత చిన్నవాటిని ఆడనిచ్చారు. వేలమంది ఒకేసారి ఆడే 'ఈవ్ ఆన్‌లైన్' అంతరిక్ష ప్రపంచాన్ని మాత్రం ఎలా చూపాలో తోచక, ఆటగాళ్ల ఒకరోజు జీవితంతో ప్రత్యేకంగా వీడియో తయారుచేయించారు. ఈ లెక్కన 'ప్యాసేజ్' లాంటివి మ్యూజియం కోసమే పుట్టినట్టుంటాయి. ఐదు నిమిషాలు... ఓ చిత్రం ముందు ఓపికగా నిలబడేంత సేపు.

కొందరు కళాకారులు మామూలు పద్ధతినే పక్కన పెట్టేశారు. జర్మనీకి చెందిన ఇద్దరు 2001లో చేసిన 'పెయిన్‌స్టేషన్' ఓ బల్ల. ఇద్దరు ఎదురెదురుగా నిలబడి బంతాట ఆడాలి. ఎడమచేయి ఓ పలకమీదే ఉంచాలి. తప్పు చేస్తే చేతికి వేడి తగులుతుంది, కరెంటు చురుక్కుమంటుంది, చిన్న కొరడా దెబ్బ పడుతుంది. చెయ్యి తీసినవాడు ఓడినట్టు. డెన్మార్క్‌లో పుట్టిన 'యోహాన్ సెబాస్టియన్ జౌస్ట్'కి అసలు తెరే లేదు. ఒక్కొక్కరి చేతిలో వెలిగే కర్ర. బాఖ్ సంగీతం నెమ్మదిగా ఉంటే నెమ్మదిగా కదలాలి, వేగం పెరిగితే ఎదుటివాడి చేతిని కుదపాలి. కర్ర అదిరితే అవుట్. మనవైపు పిల్లలు ఒంటికాలిమీద కుంటుతూ భుజాలు ఢీకొట్టుకునే ఆటకు విదేశీ చుట్టమన్నమాట. ఇలాంటిదాని చుట్టూ గ్యాలరీలో నవ్వులు మోగుతాయి. మ్యూజియంలో నవ్వు వినిపించడమే అరుదు కదా!

2018 సెప్టెంబరులో లండన్‌లోని విక్టోరియా అండ్ ఆల్బర్ట్ మ్యూజియం మరో పద్ధతి పట్టింది. ఆటకన్నా ఆట వెనకున్న చిత్తుకాగితాలకు పెద్దపీట వేసింది. తయారీదారుల నోటుపుస్తకాలు, గీతలు, కొట్టివేతలు పెట్టారు. 'కెంటకీ రూట్ జీరో' అనే ఇండీ గేమ్ పక్కన దానికి స్ఫూర్తినిచ్చిన మాగ్రిట్ చిత్రాన్నే తెచ్చి తగిలించారు. చూసినవాళ్లకు వేరే వివరణ అక్కర్లేకపోయింది.

వీటన్నిటికన్నా పెద్ద గండం వేరే ఉంది. నూనెరంగుల చిత్రం మూడొందలేళ్లు నిలుస్తుంది. గేమ్ నడిచే యంత్రం ముప్పయ్యేళ్లకే మూలపడుతుంది. 2000ల్లో ఇండీ గేముల్లో లెక్కలేనన్ని 'ఫ్లాష్' అనే సాఫ్ట్‌వేర్‌తో తయారయ్యాయి. 'కనబాల్ట్' కూడా మొదట అందులోదే. 2020 డిసెంబరు 31తో అడోబీ సంస్థ ఫ్లాష్‌కి మంగళం పాడేసింది. వేలకొద్దీ గేములు ఒక్కసారిగా తెరుచుకోవడం మానేశాయి. ఔత్సాహికులు చేతనైనన్ని కాపాడారు. అందుకే మ్యూజియంవాళ్లు డబ్బా, క్యాసెట్‌తో సరిపెట్టుకోకుండా గేమ్‌కి ప్రాణమైన మూల ప్రోగ్రామునే అడుగుతున్నారు. తాళపత్రం చివికిపోయేలోగా ఇంకో తాళపత్రంమీదకు ఎక్కించుకున్న మన పూర్వీకులకు ఈ తిప్పలు బాగా తెలుసు.

రంగుపెన్సిళ్ల జీతం

మ్యూజియంలో చోటు దొరికినంత మాత్రాన పొయ్యిలో పిల్లి లేస్తుందా? 'ది గ్రేవ్‌యార్డ్' దంపతులు 2015లో ఎంతో ఆశతో 'సన్‌సెట్' గేమ్ విడుదల చేశారు. అమ్ముడుపోయినవి దాదాపు నాలుగువేల కాపీలు. ఇక వ్యాపారానికి గేములు చేయమని ప్రకటించి దుకాణం కట్టేశారు.

అన్నదమ్ములు జాక్, టార్న్ ఆడమ్స్‌ల కథ ఇంకోలా సాగింది. టార్న్ స్టాన్‌ఫోర్డ్‌లో గణితంలో పీహెచ్‌డీ చేసిన మనిషి. ఆచార్యుడి ఉద్యోగం వైపు వెళ్లకుండా అన్నతో కలిసి 'డ్వార్ఫ్ ఫోర్ట్రెస్' మొదలుపెట్టాడు. బొమ్మలు లేవు, కీబోర్డుమీది అక్షరాలే మనుషులు, కొండలు, నదులు. కొండకింద మరుగుజ్జుల రాజ్యం. వాళ్ల స్నేహాలు, కోపాలు, చరిత్ర మొత్తాన్నీ కంప్యూటరే అల్లుతుంది. 2006 నుంచి ఉచితంగా ఇచ్చారు. ఇష్టపడ్డవాళ్లు పంపిన చందాలతోనే బతికారు. చందా ఇచ్చినవాళ్లకు ప్రతిగా రంగుపెన్సిళ్లతో బొమ్మ గీసి పంపేవాళ్లు, లేదంటే ఓ చిన్న కథ రాసేవాళ్లు. మోడర్న్ ఆర్ట్ మ్యూజియం ఎంచుకున్న పద్నాలుగులో ఇదీ ఒకటి. గేమ్ గొప్పదన్నారు, ఇంటి పరిస్థితి మాత్రం మారలేదు. జాక్‌కు క్యాన్సర్ వచ్చి వైద్యం ఖర్చుల భయం పట్టుకున్నాక, 2019లో తొలిసారి డబ్బుకు అమ్మాలని నిర్ణయించుకున్నారు. బొమ్మలు చేర్చిన కొత్త కాపీ 2022 డిసెంబరులో వచ్చింది. లక్షల కాపీలు అమ్ముడుపోయాయి. పదహారేళ్లు ఉచితంగా ఆడుకున్నవాళ్లు కూడా వరసలో నిలబడి కొన్నారు.

నానమ్మ భాషలో...

అలాస్కాలోని ఇనుపియాట్ తెగ పెద్దలు తమ కథలు పిల్లలకు చేరడం లేదని బెంగపడ్డారు. అక్కడి గిరిజన మండలి ఓ గేమ్ సంస్థతో చేతులు కలిపి 2014లో 'నెవర్ అలోన్' తయారుచేయించింది. మంచుతుపానులో ఓ చిన్నపిల్ల, తోడుగా తెల్లటి నక్క. కథ చెప్పే గొంతు ఇనుపియాట్ భాషలోనే వినిపిస్తుంది. మధ్యమధ్యలో ఆ తెగ పెద్దలే కనిపించి తమ బతుకు గురించి చెబుతారు. 2022 సెప్టెంబరు నుంచి పది నెలలపాటు మోడర్న్ ఆర్ట్ మ్యూజియం నిర్వహించిన గేముల ప్రదర్శనకు ఈ గేమ్ పేరే పెట్టుకున్నారు. పోలండ్ ఇంకా ముందుకెళ్లింది. సరయేవో ముట్టడి స్ఫూర్తితో, యుద్ధంలో చిక్కుకున్న మామూలు జనం ఆకలి చూపించే 'దిస్ వార్ ఆఫ్ మైన్'ని పెద్ద తరగతుల విద్యార్థుల పఠనజాబితాలో చేర్చనున్నట్లు 2020లో ఆ దేశ ప్రధానే ప్రకటించాడు. 'గేమ్ ఆపి పుస్తకం తియ్యి' అన్న మాట అక్కడ చెల్లదేమో!

మన దేశంలోనూ ఈ గాలి వీచింది. లండన్ ప్రదర్శన సందర్భంగా విక్టోరియా అండ్ ఆల్బర్ట్ మ్యూజియం కోరి చేయించుకున్న గేముల్లో ఒకటి గుజరాత్ నుంచి వెళ్లింది. చలా అనే చిన్న ఊళ్లో ధ్రువ్ జానీ నడిపే 'స్టూడియో ఓలియోమింగస్' దాన్ని తయారుచేసింది. వాళ్లదే మరో గేమ్‌లో ఓ కట్టడాన్ని ముక్క మిగలకుండా తినేయడమే ఉద్యోగం. తింటున్నకొద్దీ దాంతోపాటు చరిత్ర కూడా మాయమవుతుంటుంది. కోల్‌కతాకు చెందిన ఛాయాచిత్రకారిణి లీనా కేజ్రీవాల్ అపహరణకు గురైన ఆడపిల్లలను గుర్తుచేసేలా నల్లటి నీడబొమ్మలను బహిరంగ ప్రదేశాల్లో నిలబెట్టేది. 2016లో ఆ నీడకే ప్రాణం పోసి 'మిస్సింగ్' గేమ్ చేయించింది. అక్రమ రవాణాలో చిక్కిన అమ్మాయిగా మారి, తప్పించుకునే దారి ఆడేవాళ్లే వెతుక్కోవాలి.

ఇక 'ప్యాసేజ్' రోరర్ దగ్గరికొస్తే, ఆయన 2013లో శాన్‌ఫ్రాన్సిస్కోలో గేము తయారీదారుల సదస్సుకు వెళ్లాడు. 'మానవజాతి ఆడే చివరి ఆట' అన్న అంశంమీద అక్కడ పోటీ. ఆయన టైటానియం లోహంతో సుమారు 13 కిలోల బరువుండే ఆటపలక, పావులు చేశాడు. నియమాలను గాజుగొట్టంలో పెట్టి అందులోనే దాచాడు. నెవాడా ఎడారిలో ఎక్కడో గొయ్యి తవ్వి పూడ్చేసి వచ్చాడు. సదస్సుకొచ్చినవాళ్లకు కాగితాలు పంచాడు. వాటన్నింట్లో కలిపి పది లక్షలకు పైగా చోట్ల అక్షాంశ రేఖాంశాలున్నాయి. అందులో ఒకటే నిజమైనది. రోజుకొక చోటు చొప్పున వెతికినా సుమారు 2,700 ఏళ్లు పడుతుంది. ఆట సరిగ్గా ఉందో లేదో చూసుకోవడానికి కంప్యూటర్‌తో ఆడించాడేగానీ, రోరర్ తాను ఒక్కసారి కూడా ఆడలేదు.